కట్టప్ప కోసం ఆగినవాళ్లం

2015 జూలై 10న విడుదలైన ‘బాహుబలి’ మొదటి భాగం ఒక ప్రశ్న దగ్గర ఆగింది. కట్టప్ప బాహుబలిని ఎందుకు చంపాడు? జవాబు రెండో భాగంతో 2017 ఏప్రిల్ 28న గానీ రాలేదు. దాదాపు 22 నెలలు. హైదరాబాద్ దిల్‌సుఖ్‌నగర్ కోచింగ్ సెంటర్ల ముందు, హాస్టల్ మెస్సుల్లో, ఎల్బీనగర్ చౌరస్తాలో బస్సు కోసం నిలబడ్డవాళ్ల మధ్య ఆ ప్రశ్న ఎంత నలిగిందో! ఎవరి ఊహ వారిది. ఆ ఎదురుచూపు ఎవరికీ బరువనిపించలేదు. సినిమా ఇచ్చిన ఆనందంలో సగం అదేనని నాకనిపిస్తుంది.

అంత ఓపిక పట్టినవాళ్లం, తీరా సినిమా వచ్చాక కొన్ని వారాలు ఎందుకు ఆగలేం?

హాస్టల్ గదిలో ఒకే మంచం మీద ఇద్దరు, ఒకటే ఫోను, చెరో చెవిలో ఇయర్‌ఫోను. చూస్తున్నది థియేటర్లో దొంగచాటుగా తీసిన కాపీ. తెర ఒక పక్కకు ఒరిగి ఉంటుంది. మధ్యలో ఎవరో లేస్తే కోట గోడల మీదుగా నల్లటి తల ఒకటి నడిచిపోతుంది. మాటలను ఈలలు మింగేస్తాయి. అన్నాళ్లు మనసులో పెంచుకున్న కథను అలా చూసి ముగించేస్తారు.

ఆ పిల్లలను దొంగలనడానికి నాకు నోరు రాదు. ఇంటినుంచి వచ్చే డబ్బు ఫీజుకీ మెస్సుకీ చాలక, పెంచిన టికెట్ ధర చూసి వెనక్కి తగ్గినవాళ్లు. చేతిలో డబ్బు లేకపోవడం తప్పు కాదు. కానీ ఈరోజే చూసి తీరాలన్న తొందర పేదరికంలోంచి వచ్చింది కాదు, జీతాలున్న ఇళ్లలోనూ అంతే ఉంది. ధర తగ్గాక వెళ్లొచ్చు, ఓటీటీలోకి వచ్చేదాకా ఆగొచ్చు. ఈలోగా ఎవరో కథ చెప్పేస్తారని భయమా? కట్టప్ప ఎందుకు చంపాడో తెలిశాక కూడా జనం మళ్లీ మళ్లీ వెళ్లారు కదా.

ఆ తొందరను నమ్ముకునే బతికేవాళ్లున్నారు. రెండో భాగం కాపీ చేతిలో పెట్టుకుని డబ్బు కోసం నిర్మాతలను బెదిరించిన ఆరుగురిని 2017 మేలో హైదరాబాద్ పోలీసులు పట్టుకున్నారు. ఆ కాపీ బిహార్‌లోని ఒక థియేటర్ నుంచి వచ్చింది. 2023లో చట్టాన్ని సవరించి, థియేటర్లో దొంగచాటుగా చేసే రికార్డింగుకు 3 నెలల నుంచి 3 ఏళ్ల దాకా జైలుశిక్ష పెట్టారు.

ఇంతకీ పైరసీ దెబ్బ ఎవరికి తగులుతుంది? ‘బాహుబలి’లోని మాహిష్మతి కోట వెలసింది ఎల్బీనగర్ నుంచి విజయవాడ రోడ్డున హయత్‌నగర్ దాటాక వచ్చే రామోజీ ఫిల్మ్ సిటీలో. అక్కడ చెక్క కోసిన వడ్రంగికి, రంగు వేసిన పనివాడికి కూలి సినిమా విడుదలకు ముందే ముట్టి ఉంటుంది, నిజమే. ‘బాహుబలి’ అంతటిది పైరసీని తట్టుకుంటుంది కూడా. చిన్న సినిమాకు మాత్రం మొదటి వారమే ప్రాణం. అది ఆడితేనే నిర్మాత ఇంకో సెట్టు వేయిస్తాడు, ఆ వడ్రంగికి మళ్లీ కబురు వెళ్తుంది.