రాజీ పడితే నేరం మాసిపోతుందా?

త్రిపురారం రైతు ఒకరు మిర్యాలగూడ వ్యాపారికి ధాన్యం అమ్మాడనుకుందాం. వ్యాపారి డబ్బు ఎగ్గొట్టాడు. మోసం కేసు నమోదైంది. తర్వాత పెద్దమనుషుల ముందు బాకీ ముట్టింది. ఇక కేసెందుకు?

మోసం కేసులో కోర్టు అనుమతితో రాజీపడవచ్చని చట్టమే చెబుతోంది. లావాదేవీల తగాదాల్లాంటి కేసుల్లో రాజీ కుదిరితే హైకోర్టు కేసును కొట్టివేయవచ్చనీ, హత్య, అత్యాచారం వంటి ఘోర నేరాల్లో అలా కుదరదనీ 2012లో జ్ఞాన్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు తీర్పు ఇచ్చింది.

రాజీ మేలైనదని దివ్యఖుర్ఆన్ (4:128) కూడా బోధిస్తోంది. అయితే హరామ్‌ను హలాల్ చేసే రాజీ చెల్లదని దైవప్రవక్త (స) హెచ్చరించారు. తన దుప్పటి దొంగిలించినవాణ్ణి సఫ్వాన్ (రజి) క్షమించబోతే, తన వద్దకు తీసుకురాకముందే ఆ పని చేయవలసిందని ఆయన (స) అన్నారు. దొంగతనానికి నిర్ణీత శిక్ష ఉంది, మోసానికి లేదు. కనుక ఇక్కడ న్యాయమూర్తికి వెసులుబాటు ఎక్కువ. కాని నీతి ఒక్కటే: న్యాయస్థానం చేరిన నేరం ఫిర్యాదీ ఒక్కడి సొంత విషయం కాదు.

సోదరులారా! మన హక్కును మనం వదులుకోవచ్చు, అది పుణ్యకార్యం. అదే వ్యాపారి చేతిలో మోసపోయిన పొరుగు రైతు హక్కును వదిలే అధికారం మనకు లేదు. అప్పులవాళ్ళ ఒత్తిడికి తాళలేక సగం సొమ్ముకే వేలిముద్ర వేస్తే, అది క్షమ కాదు, మరో అన్యాయం. అలాంటి కాగితం చూపి కోర్టులో బయటపడినవాడు ప్రళయదినాన అల్లాహ్ ముందు ఏ కాగితం చూపగలడు?