అవసరమేనా ఈ ప్రయాణం?

ఇంట్లోంచి బయల్దేరే ఆడమనిషికి మొదట ఎదురయ్యే ప్రశ్న "ఇప్పుడంత అవసరమా?" అని. పుట్టింటికైనా, ఆస్పత్రికైనా, స్నేహితురాలిని చూడడానికైనా అవసరం నిరూపించుకున్నాకే గడప దాటాలి. కాకినాడ - కోటిపల్లి రైలు చరిత్ర చూస్తే, ప్రభుత్వాలు కూడా కొన్ని ఊళ్ళని ఇదే ప్రశ్న అడుగుతాయని అర్థమవుతుంది.

కాకినాడ నుంచి గౌతమి ఒడ్డునున్న కోటిపల్లికి 45 కిలోమీటర్ల రైలుమార్గం 1928లో వచ్చింది. రెండో ప్రపంచయుద్ధ అవసరాల కోసం 1940లో ఆ పట్టాలు పీకి పట్టుకుపోయారు. యుద్ధం 1945లో ముగిసింది. ఇక్కడ మళ్ళీ రైలు నడవడానికి మాత్రం 2004 నవంబరు దాకా పట్టింది. ఈ లైను కోసం పట్టుబట్టిన అమలాపురం ఎం.పి., లోక్‌సభ స్పీకర్ జి.ఎం.సి. బాలయోగి అది చూడకుండానే 2002లో హెలికాప్టర్ ప్రమాదంలో మరణించారు.

ఆ పట్టాల మీద తిరిగింది ఒకే పెట్టె ఉన్న రైలుబస్సు. కరప, రామచంద్రపురం, ద్రాక్షారామం దాటి కోటిపల్లి చేరేది. అక్కడ రేవులో పంటు ఎక్కితే అవతలి ఒడ్డు ముక్తేశ్వరం, కోనసీమ. 2020 మార్చిలో కరోనా వల్ల దేశమంతటా ప్రయాణికుల రైళ్ళు ఆగిపోయాయి. తర్వాత పెద్ద రైళ్ళు ఒక్కొక్కటే తిరిగి పట్టాలెక్కినా, రైలుబస్సు వంతు రాలేదు.

మొదటిసారి అడ్డొచ్చింది "ఇంతకన్నా పెద్ద అవసరం". ఇలాంటి చిన్న రైళ్ళ విషయంలో ఈ కాలంలో ఎప్పుడూ వినిపించే మాట "నష్టం". ఈ మాటని తేలిగ్గా కొట్టిపారెయ్యలేం. ప్రజల డబ్బుకి హద్దుంది. నలుగురి కోసం నడిపే రైలు ఖర్చుతో నలభైమందికి బస్సు వెయ్యొచ్చంటే, ఆ నలభైమందిలోనూ ఆడవాళ్ళుంటారు. కానీ ఆ లెక్క ఎలా కడుతున్నారన్నదే నా ప్రశ్న. బ్రిటన్‌లో 1963లో బీచింగ్ నివేదిక రెండు వేలకు పైగా స్టేషన్లు మూసెయ్యమంది. అందుకు ముఖ్యమైన ఆధారం 1961 ఏప్రిల్‌లో ఒక్క వారం ప్రయాణాల లెక్క. ఆ వారం కదిలినవాళ్ళు అందులో ఉన్నారు. రైలు పోతే కదలడం మానేసేవాళ్ళని లెక్కపెట్టే గడి అందులో లేదు. రైలు ఆపితే మిగిలిన డబ్బు పద్దులో కనిపిస్తుంది. వాయిదా పడిన డాక్టరు పరీక్ష, వెళ్ళలేకపోయిన పరామర్శ, మానుకున్న పుట్టింటి ప్రయాణం ఎక్కడా కనిపించవు.

కరోనా తర్వాత ప్యాసింజర్ రైళ్ళకే ఎక్స్‌ప్రెస్ పేరు పెట్టి కనీస ఛార్జీని 10 రూపాయల నుంచి 30కి పెంచారు. పాత ఛార్జీ 2024 ఫిబ్రవరిలో గానీ తిరిగి రాలేదు. చేతిలో సొంత డబ్బు లేని మనిషికి ఆ ఇరవై రూపాయల తేడా చాలు, "అవసరమా?" అన్న ప్రశ్నకి "కాదులే" అని తనే జవాబు చెప్పుకోవడానికి.

సాహిత్యం చదువుకున్న మనం ఇంకో సంగతి కూడా ఒప్పుకోవాలి. యాత్రా సాహిత్యం అనగానే ఏనుగుల వీరాస్వామి కాశీయాత్ర గుర్తొస్తుంది, నాయని కృష్ణకుమారి కాశ్మీరం గుర్తొస్తుంది. రామచంద్రపురం వెళ్ళి సాయంత్రానికి ఇంటికొచ్చిన ఆడమనిషిది మన పాఠ్యప్రణాళికల్లో యాత్ర కాదు. దూరాన్ని బట్టి విలువ కట్టే అలవాటు రైల్వేకే పరిమితం కాదు.

ఆంధ్రప్రదేశ్‌లో 2025 ఆగస్టు 15న స్త్రీశక్తి పేరుతో ఆర్టీసీ బస్సుల్లో ఆడవాళ్ళకి ఉచిత ప్రయాణం మొదలైంది. "ఊరికే తిరుగుతారు" అన్న వెక్కిరింత ఇలాంటి పథకాలకి కొత్త కాదు. ఊరికే తిరగడం మగవాళ్ళ విషయంలో ఎవరికీ తప్పుగా తోచదు. ఈ పథకంలో నాకు నచ్చింది ఇదే: గుర్తింపు కార్డు చూపించాలి, అంతేగానీ ఎందుకు వెళ్తున్నామో కండక్టరుకి చెప్పనక్కర్లేదు. అయితే టికెట్టు ఉచితమైనా, ఆ ఊరికి బండి వస్తేనే ఆ హక్కుకి అర్థం. కాబట్టి చిన్న రైలునో పల్లె బస్సునో ఆపేటప్పుడు, దానికి బదులు ఏం నడుపుతారో ముందు చెప్పాల్సిన బాధ్యత ఆపేవాళ్ళదే. ప్రయాణం అవసరమని రుజువు చేసుకోవాల్సిన భారం ప్రయాణికురాలి మీద ఉండకూడదు.