రాజు బల్లయొద్ద ఒక చోటు

ధ్యానభాగము: 2 సమూయేలు 9వ అధ్యాయము



యోనాతాను కుమారుడైన మెఫీబోషెతు కథ మనలో అనేకులకు తెలిసినదే. యుద్ధవార్త వచ్చిన దినమున దాది అయిదేండ్ల బిడ్డను ఎత్తుకొని తొందరగా పరుగెత్తెను. బిడ్డ జారిపడి రెండు కాళ్లును కుంటివాయెను. అందులో ఆ బిడ్డ దోషమేమియు లేదు. పిమ్మట అతడు లోదెబారులో మాకీరు అనువాని యింట మరుగైయుండెను. దావీదు తన స్నేహితుని జ్ఞాపకము చేసికొని, సౌలు కుటుంబములో ఇంకెవరైనను మిగిలియున్నారా అని విచారించినప్పుడు, సీబా అను పనివాడు ఏమి చెప్పెనో చూడుడి. యోనాతానునకు ఒక కుమారుడున్నాడనెను, వాడు కుంటివాడనెను. పేరు మాత్రము చెప్పలేదు.

మనమును అట్లే చేయుదుము. తల్లిదండ్రులు ప్రార్థించి పెట్టిన పేరు మరచి, ‘కుంటోడు’, ‘మూగది’, ‘గుడ్డోడు’ అని పిలుతుము. అయితే ఆ బిడ్డ పెద్దవాడై రాజు ఎదుటికి వచ్చినప్పుడు, దావీదు నోట వచ్చిన మొదటి మాట అతని పేరే.

తరువాత జరిగినది ఇంకను గొప్పది. రాజు సౌలు భూములన్నియు అతనికి తిరిగి ఇచ్చెను. 15 మంది కుమారులును 20 మంది పనివారును గల సీబాను ఆ భూములు దున్నుటకు నియమించెను. ఇక తిండికి కొదువ లేదు. పంటను బస్తాలకెత్తి లోదెబారునకు పంపినను లోకము రాజును ధర్మాత్ముడనియే పొగడును. రాజు అంతటితో తృప్తిపడలేదు. తన కుమారులు కూర్చుండు బల్లయొద్దనే అతడును నిత్యము కూర్చుండవలెనని సెలవిచ్చెను. ఆ అధ్యాయము ముగియునప్పటికిని అతని కాళ్లు కుంటివిగానే యున్నవి. కాళ్లు బాగుపడలేదు గాని కూర్చుండు చోటు మారెను. ఈ నెల మన ధ్యానమునకు ఈ ఒక్క సంగతి చాలును.

ఈ అధ్యాయమును నేను ఎన్నోసార్లు ప్రసంగించితిని. దాని అర్థము నాకు నిజముగా తెలిసినది ఇటీవల హైదరాబాదులోని రహమత్ నగర్‌లో. మన పాలమూరు సంఘములలోని ఒక కుటుంబము కూలి దొరకక మూడేండ్ల క్రిందట ఆ బస్తీకి వలసపోయెను. జూబిలీ హిల్స్ మేడలకు అది ఎంతో దూరము కాదు. రాతి గుట్టమీద ఒకదానిపై ఒకటి పేర్చినట్లు చిన్న ఇండ్లు, వాటి నడుమ ఇరుకు సందులు, ఎక్కుడు దిగుళ్లు. తండ్రి సినిమా షూటింగులలో లైట్లు మోయుచున్నాడు. తల్లి మేడలలో అంట్లు తోముచున్నది. వారి కుమారునికి ఇప్పుడు తొమ్మిదేండ్లు. పుట్టినప్పుడు మెదడునకు తగినంత ప్రాణవాయువు అందనందున వాని కాళ్లు బిగుసుకొనినవి, మాట తడబడును. వైద్యులు దీనిని సెరిబ్రల్ పాల్సీ అందురు. ఇది అంటువ్యాధి కాదు. శాపమును కాదు.

నేను వారి యింట కూర్చుండి కుశలమడిగితిని. టీ గ్లాసు నా చేతికిచ్చి ఆ తల్లి మెల్లగా చెప్పిన మాట ఇది: “అయ్యగారూ, ఊర్ల ఉన్నప్పుడు మీరే అంటిరి గదా, పిలగాడు అరిస్తే ప్రార్థనకు అడ్డమైతది, ఇంట్లనే ఉంచమ్మా అని. ఆ దినం కెల్లి వాణ్ణి యాడికీ తీస్కపోలె.”

ప్రియులారా, నేను ఆ మాట అన్నది నిజమే. సున్నితముగా అంటిని, తలనిమిరి అంటిని, బియ్యమును పంపితిని. అనగా లోదెబారునకు బస్తా పంపితిని. ఆ బిడ్డకు ఆరేండ్లు నిండినప్పుడు బడిలో వేయుడని చెప్పవలసినవాడను నేనే. నేను గుడి తలుపే మూసినప్పుడు, వారు బడి తలుపు తట్టుటకు ధైర్యమెట్లు తెచ్చుకొందురు?

నగరమునకు పోయిన తరువాత కూడ మొదట అడిగిన బడిలో ఇటువంటి పిల్లలకు వేరే బడులున్నవని చెప్పి త్రిప్పి పంపిరి. తల్లి మరియొక ప్రభుత్వ పాఠశాలకు పోయెను. అక్కడ ఒక పంతులమ్మ పేరు వ్రాసికొనెను. వాని తరగతి మేడమీద నుండగా ప్రధానోపాధ్యాయుడు ఆ తరగతినే క్రిందికి మార్చెను. సాయంకాలము గంట కొట్టువేళ నేను తల్లితో కూడ పోయి కన్నులార చూచితిని. వాడు ప్రక్కకు ఒరగకుండ గోడవైపు మొదటి బెంచీలో చోటిచ్చిరి. వ్రేళ్లకు పట్టు దొరకుటకు పెన్సిలుకు గుడ్డపీలిక చుట్టిరి. ప్రశ్న అడిగి పంతులమ్మ ఊరకుండును. మాట పెకలి వచ్చువరకు తరగతి అంతయు ఊరకుండును. మధ్యాహ్న భోజనమునకు వాడును అందరి వరుసలోనే పళ్లెము పెట్టుకొని కూర్చుండునట. రాజు బల్ల నాకు అక్కడ కనబడెను.

“బడిల నీకు ఏమి ఇష్టము నాయనా?” అని అడిగితిని. లెక్కలనియో ఆటలనియో చెప్పుననుకొంటిని. వాడు చాలసేపు ప్రయాసపడి, “టీచరు హాజరుల నా పేరు పిలుస్తది” అనెను.

కొరతలు అక్కడను ఉన్నవి. ఆ బడి మరుగుదొడ్డి వానికి అనువుగా లేదు. దినమును పదునొకండు గంటలకు తల్లి పని విడిచి పరుగెత్తి వచ్చి వానిని తీసికొనిపోవలెను. అందుకు కూలిలో కోత పడుచున్నది. పేరు వ్రాసికొనుటతోనే పని తీరదనుటకు ఇది చెప్పుచున్నాను.

మచిలీపట్టణము దగ్గరి సీతారామపురములో పుట్టిన బొల్లా శ్రీకాంత్ జీవితము దీనికి మరియొక సాక్ష్యము. చూపు లేని ఆ బిడ్డను ఊరి బడిలో చేర్చుకొనిరి గాని వెనుకబెంచీలో విడిచిపెట్టిరి. గదిలోపలనే యుండెను, తరగతిలో లేకుండెను. తరువాత హైదరాబాదులోని దేవ్‌నార్ అంధుల పాఠశాలలో చదివి వృద్ధిపొందెను. అయితే పదవ తరగతి ముగించి విజ్ఞానశాస్త్రము చదువుదునన్నప్పుడు చూపులేనివారికి అది తగదని అడ్డగించిరి. న్యాయస్థానమునకు పోయి ఆ తలుపు తెరిపించుకొని, ఇంటరులో నూటికి 98 మార్కులు తెచ్చుకొనెను. అమెరికాలోని మసాచుసెట్స్ సాంకేతిక విద్యాసంస్థలో చదివి, తిరిగి వచ్చి 2012లో బొల్లాంట్ పరిశ్రమను స్థాపించెను. ప్రత్యేక పాఠశాల అతనికి మేలే చేసెను. బ్రెయిలీ లిపియు సైగల భాషయు చక్కగా నేర్పు చోట్లు మనకు అవసరమే. కాని అటువంటి చోటు ఒకటి ఉన్నదను నెపముతో ఊరి బడి తన తలుపు మూయరాదు. ఏది తగునో బిడ్డయు తల్లిదండ్రులును తెలిసికొని ఎన్నుకొనవలెను.

శ్రీకాంత్ కథను 2024లో హిందీలో సినిమాగా తీసిరి. మన తెలుగులోను 1986లో వచ్చిన సిరివెన్నెలలో చూపులేని వేణుగాయకుని, మాటలేని చిత్రకారిణిని చూచి జనులు కన్నీరు కార్చిరి. తెరమీది వానికొరకు ఏడ్చుట సుళువు. మన బెంచీమీద జరిగి చోటిచ్చుట కష్టము.

కొందరు తల్లిదండ్రులు అడుగుదురు: “వీనికొరకు ఆగుచుంటే మా పిల్లల చదువు ఏమగును?” ఇది త్రోసివేయదగిన ప్రశ్న కాదు. ఒక్క పంతులు నలుబదిమందిని చూచుకొనుచున్నాడు. అందుకే సహాయము కావలెను. మోషే తాను నోటిమాంద్యము గలవాడనని చెప్పినప్పుడు దేవుడు అతనిని ఇంటికి పంపివేయలేదు. అహరోనును తోడిచ్చెను, పని మాత్రము మోషేదే. మన ప్రభుత్వ బడులలో ఆ తోడు ప్రత్యేక ఉపాధ్యాయుడు. ప్రాథమిక తరగతులలో ఇటువంటి 10 మంది పిల్లలకు ఒకరు, పై తరగతులలో 15 మందికి ఒకరు ఉండవలెనని 2021లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పెను. ఆ తోడు రావలెనని మనము అడుగవలెను. ఇక తక్కిన పిల్లల మాట: రహమత్ నగర్ తరగతిలో మెల్లగా చదువు మరి ఇద్దరు పిల్లలకు కూడ ఆ ఆగుట వలన మేలు కలిగినదని పంతులమ్మ చెప్పెను. ఓర్పు నేర్చుకొనుటయు చదువే.

మరి కొందరు ఎవరి పాపమో అందురు. పుట్టు గ్రుడ్డివానిని చూచి శిష్యులును ఇదే అడిగిరి. వాడును వాని కన్నవారును కారణము కారని ప్రభువు యోహాను 9వ అధ్యాయములో ఆ నోరు మూయించెను. ప్రభువు మూయించిన నోటిని మనము మరల తెరువరాదు.

మన ప్రజలు తెలిసికొనవలసిన సంగతులు కొన్ని కలవు. 1995 నాటి చట్టము 7 విధములైన వైకల్యములనే లెక్కించెను. 2016 నాటి వికలాంగుల హక్కుల చట్టము 21 విధములను గుర్తించినది. నూటికి 40 వంతులు గాని అంతకు మించి గాని వైకల్యము గల బిడ్డ 6 మొదలు 18 ఏండ్లవరకు దగ్గరి బడిలో గాని, కోరుకొన్న ప్రత్యేక బడిలో గాని ఉచితముగా చదువుకొనవచ్చును. ప్రభుత్వపు బడియైనను, ప్రభుత్వ సహాయమో గుర్తింపో పొందిన బడియైనను వైకల్యము చూచి బిడ్డను త్రిప్పి పంపరాదు. కట్టడములు వారికి అందునట్లుండవలెను. పరీక్షలో వ్రాయుటకు తోడు కావలసినవారికి గంటకు 20 నిమిషములకు తక్కువ గాకుండ అదనపు సమయము ఇయ్యవలెనని 2018లో నియమము చేసిరి. ధ్రువపత్రముకొరకు సదరం శిబిరమునకు పోవుడి. మండలములోని భవిత కేంద్రము గురించి ప్రధానోపాధ్యాయుని అడుగుడి. అడుగుటకు సిగ్గుపడవద్దు, అది భిక్ష కాదు.

సంఘముగా మనము చేయవలసినదియు కలదు. గుడి ముందర ఒక అడుగు ఎత్తున్న మెట్లకు 12 అడుగుల పొడవున వాలుదారి కట్టవలెను. అంతకు తక్కువైనచో చక్రముల కుర్చీ ఎక్కుట కష్టమగును. రెండు దినముల శ్రమదానము, కొంత ఇటుక, కొంత సిమెంటు చాలును. సండేస్కూలులో చెవి వినబడని బిడ్డను ముందు కూర్చుండబెట్టి, మన మొగము వానివైపు త్రిప్పి మాటలాడవలెను. చూపులేని బిడ్డకు వచనము చెవిలో చెప్పి కంఠస్థము చేయింపవలెను. బడికి దూరమైన బిడ్డను వంతులవారీగా యౌవనస్థులు సైకిలుమీద దింపి రావలెను. జాలికొరకు వారిని వేదికమీద నిలువబెట్టవద్దు. తక్కిన పిల్లలతో పాటు పాటకు, నాటకమునకు, ప్రశ్నలకు పిలువుడి.

రహమత్ నగర్ నుండి బయలుదేరుటకు ముందు ఆ తల్లిని క్షమాపణ అడిగితిని. “పెద్ద మాటలెందుకయ్యా, పండుగకు వస్తం, అప్పుడు వాణ్ణి లోపట కూసోబెట్టున్రి” అనెను. ఇంటికి వచ్చి మన సండేస్కూలు పాత హాజరు పుస్తకము వెదకితిని. మూడేండ్ల క్రిందటి పుటలో ఆ బిడ్డ పేరుమీద ఎర్రసిరాతో ఒక గీత యున్నది. ఆ గీత నా చేతిదే. క్రొత్త పుస్తకములో వాని పేరు నేనే వ్రాసితిని. క్రిస్మసు పండుగకు వారు వచ్చినప్పుడు ఆ పేరు పిలుతును. వాడు పలుకుటకు ఎంత సేపు పట్టినను సంఘమంతయు కనిపెట్టవలెనని మిమ్మును బతిమాలుచున్నాను.

మీ ఊరి హాజరు పుస్తకములో ఏ పేరు లేదో ఈ వారము చూచుకొనుడి.

ప్రార్థన: మా పేర్లు ఎరిగిన తండ్రీ, మేము మరచిన బిడ్డల పేర్లు మాకు జ్ఞాపకము చేయుము. మేము మూసిన తలుపులు మా చేతులతోనే తెరచునట్లు కృప చూపుము. నీ బల్లయొద్ద మాకు చోటిచ్చినట్లే, మా బెంచీలమీద వారికి చోటిచ్చు మనస్సు మాకు దయచేయుము. యేసు నామమున వేడుకొనుచున్నాము. ఆమేన్.