పుత్రశోకమును, నిరపరాధియు



ఎదిగిన కుమారుని దహనము చేసి వచ్చిన తండ్రి యొకఁడు నన్నుఁ జూచి, "వకీలుగారూ, నేనేమి పాపము చేసితిని?" అని యడిగెను. ప్రశ్నలకు బదులు చెప్పుటయే వృత్తిగాఁ గల నాకు ఆనాఁడు నోట మాట రాలేదు.

అచ్చటఁ గూడిన పెద్దలకు మాత్రము జవాబులు కొదువ లేదు. ఒకరు పూర్వజన్మకర్మ మనిరి. ఒకరు గ్రహచార మనిరి. కడపట లోపలి గదిలోఁ దల వంచుకొని కూర్చున్న కోడలిని జూపి, "దాని పాదము మంచిది కాదు" అనిరి. తండ్రి యా మాటనే పట్టుకొనెను. శోకమున మునుఁగువాఁడు చేతికందినదానిని పట్టుకొనుట సహజమే. కాని యతఁడు పట్టుకొన్నది 18 ఏండ్ల నిరపరాధిని. నా మౌనమును వారందఱు సమ్మతిగాఁ దలంచిరి. అది నా తప్పు.

నేరమేదో తెలుపక, వాదము వినక శిక్షించువానిని మనము న్యాయాధిపతి యనము. జ్ఞప్తికి రాని జన్మమునందలి దోషమునకై తండ్రిని దండింపఁ గోరి కుమారుని చంపుట దయామయుఁడగు పరమేశ్వరునికి అంటగట్టుట భక్తి యగునా? వ్యాధి శరీరధర్మము ననుసరించి వచ్చును. తలిదండ్రుల పుణ్యపాపములను, కోడలి పాదమును జూచి రాదు. భారతమున గాంధారి పుత్రశోకముచేఁ గృష్ణుని శపించెను. యాదవకులము నశించెను, ఆమె కుమారులలో నొక్కఁడును లేచి రాలేదు.

ఆది బ్రాహ్మసమాజమునకుఁ గార్యదర్శిగా నుండిన రవీంద్రనాథ ఠాకూరుగారు 1902లో భార్యను, 1903లో రెండవ కుమార్తెను, 1907లో చిన్న కుమారుని గోల్పోయిరి. అట్టి వారే 1910లో బాలవితంతువగు ప్రతిమాదేవిని తమ కుమారునికి వివాహము చేసి, కోడలిగా నింటికిఁ దెచ్చుకొనిరి. 1918లో పెద్ద కుమార్తె మాధురీలతయు క్షయచే గతించెను. ఇన్ని మరణములు చూచిన యింట వితంతువు అమంగళ కాలేదు, ఇంటి కోడలయ్యెను.

"నా బిడ్డ యేల పోయెను?" అను ప్రశ్నకు మనయొద్ద జవాబు లేదు. లేదని యొప్పుకొనుట నాస్తికత్వము కాదు. ఏడ్చుట యవిశ్వాసమును కాదు. "నా బిడ్డ విడిచిపోయినవారికి నేనేమి కావలెను?" అను ప్రశ్నకు మాత్రము జవాబు మన చేతిలో నున్నది. ఆ కోడలు నీ కూఁతురు. ఆమెకు విద్య చెప్పింపుము. ఆమె కోరినచో మరల వివాహము చేయుము. నీ కుమారుని ప్రేమించినవారు లోకమున నీతోఁ గూడ నింకొక్కరున్నారు. ఆమెతోఁ గలిసి యేడువుము.

ఆనాఁడు నేను చెప్పలేకపోయిన మాట యిదియే. శోకార్తుల హృదయములకుఁ బరమేశ్వరుఁడు శాంతి నొసంగుఁ గాక. చూచి యూరకుండు మావంటివారికి నోరు నొసంగుఁ గాక.