గురి తప్పిన సహోదరుడు



మన యౌవనస్థులు ఇష్టపడి చూచు ఫుట్‌బాల్ ఆటనుండి ఈ మాసము ఒక సంగతిని ధ్యానించుదము. అదనపు సమయము ముగిసినను ఇరుజట్లు సమానముగానున్న యెడల పెనాల్టీ షూటౌట్ పెట్టుదురు. 1970లో ఈ నియమము రాకమునుపు నాణెము ఎగురవేసి తేల్చిన ఆటలును కలవు. ఇప్పుడైతే జట్టుకు ఐదుగురు, ఒకరి తరువాత ఒకరు, పన్నెండు గజముల దూరమునుండి బంతిని తన్నవలెను. తోటివారు మైదానపు నడిమి వలయము దాటరాదు. తన్నువాడు ఒంటరిగానే నడిచిపోవలెను.

2022 మార్చి 20న గోవాలో ఇండియన్ సూపర్ లీగ్ ఫైనల్ జరిగెను. హైదరాబాద్, కేరళ బ్లాస్టర్స్ జట్లు చెరియొక గోలుతో నిలిచెను. షూటౌట్‌లో హైదరాబాద్ ఆటగాడు సివేరియో గురి తప్పెను. అయితే గోల్‌కీపర్ లక్ష్మీకాంత్ కట్టిమణి మూడు పెనాల్టీలు ఆపెను. జట్టు 3–1తో గెలిచెను. మరుసటి సంవత్సరము మార్చిలో కోల్‌కతాలో మోహన్ బగాన్‌తో సెమీఫైనల్. మరల షూటౌట్, మరల సివేరియో గోలు చేయలేకపోయెను. ఒగ్బెచే కూడ తప్పెను. ఈసారి 4–3తో హైదరాబాద్ ఓడిపోయెను.

ప్రియులారా, గమనించుడి. మొదటిసారి ఆ ఒక్కని తప్పును కప్పినది తోటివారి శ్రమ. ఒక సహోదరుడు పడిపోయినప్పుడు సంఘము చేయవలసినదియు ఇదే.

లోకము అట్లు చేయదు. 1994 ప్రపంచ కప్ ఫైనల్‌లో ఇటలీ ఓడినప్పుడు బరేసి, మస్సారో కూడ గోలు చేయలేకపోయిరి. అయినను చివర తన్నిన బాజియో పేరే నేటికిని చెప్పుకొందురు. జట్టును ఫైనల్‌వరకు తెచ్చిన అతని ఐదు గోళ్లను మరచిరి.

క్రొత్త నిబంధనలో పాపమునకు వాడబడిన గ్రీకు మాటకు గురి తప్పుట అని అర్థము. గురి తప్పనివాడు మనలో ఎవడు? గలతీయులకు వ్రాసిన పత్రిక ఆరవ అధ్యాయములో పౌలు రెండు సంగతులు చెప్పుచున్నాడు: ఎవని బరువు వాడు మోయవలెను, ఒకరి భారములు ఒకరు భరింపవలెను. రాత్రి పాళీలో సాంచాల మధ్య నిలిచినవానికి త్రాగుడు శోధన వచ్చినప్పుడు వాని బదులు మనము నిలువలేము. కాని వాడు తల వంచుకొని తిరిగి వచ్చునప్పుడు ఎదురు వెళ్లగలము.

పేతురు మూడుసార్లు బొంకెను. ప్రభువు సముద్రతీరమున మొదట వానికి భోజనము పెట్టెను; పిమ్మట మూడుసార్లు ప్రశ్నించి, తన మందనే అప్పగించెను.

మన కనేరిలో పోగు తెగినదని బీమును పారవేయువారున్నారా? ముడివేసి సాంచాను మరల నడిపింతుము. అప్పులపాలై, పరీక్ష తప్పి, లేక త్రాగుడులో పడి, మన ముఖములు చూడ సిగ్గుపడి ఆరాధనకు మానినవారు మనలో లేరా? వచ్చే ఆదివారమునకు ముందే వారి ఇంటికి వెళ్లుదము. ఎందుకు రాలేదని అడుగవద్దు. వారితో కూర్చుండి భోజనము చేసి, ప్రార్థించి, వెంటబెట్టుకొని వత్తుము.

అట్టి ప్రేమను ప్రభువు మన సంఘములకు అనుగ్రహించును గాక. ఆమెన్.