వెల్లుల్లిపాయకు తెలియని సంగతి

మా పట్టుపురుగుల షెడ్డు గుమ్మానికి అమ్మ వేపమండలు కట్టేది. పురుగులు గూడు కట్టేదాకా పక్కింటి అత్తను ఆ దరిదాపులకు రానిచ్చేది కాదు. అత్తకు మొగుడు లేడు. అంతకుమించి ఆమె చేసిన తప్పేదీ నాకు కనబడలేదు.

అందుకే 1933లో షాంఘైలోని మింగ్‌షింగ్ కంపెనీ తీసిన ‘వసంతకాలపు పట్టుపురుగులు’ అనే మూకీ చూస్తుంటే నా కళ్లు అందులోని హొహువా అనే ఆమెను వదల్లేదు. అంతకు ముందేడాది అచ్చయిన మావో దున్ కథ ఆధారంగా చెంగ్ బుగావ్ తీసిన సినిమా అది. హొహువా ఇంట పురుగులు పాడయ్యాయి. ఆమె అడుగు పెడితే తమవీ పోతాయని పొరుగువాళ్ల భయం. ఓ రాత్రి ఆమె పొరుగున ఉండే ముసలి తొంగ్‌బావ్ ఇంట్లో దూరి గుప్పెడు పురుగులు తీసుకెళ్లి నీళ్లలో పారేస్తుంది. కథలో ముసలాయన చిన్నకొడుకు నిలదీస్తే, నన్ను చూసి మొహాలు తిప్పుకుంటారే, నేను మనిషిని కానా అంటుంది.

తొంగ్‌బావ్ ఇంటి కోడలు గుడ్లంటిన గుడ్డను రొమ్ముకు హత్తుకుని ఒంటివేడితో పొదిగిస్తుంది. మామగారేమో మట్టి పూసిన వెల్లుల్లిపాయను గోడవార పెట్టి, మొలకలెన్ని వస్తే పంట అంత అని చూస్తాడు. ఒకటి అనుభవం, ఒకటి నమ్మకం. వాళ్లకు మాత్రం రెండూ ఒకటే నిష్ఠ. నాకు నవ్వు రాలేదు.

కథలో వెల్లుల్లి సరిగా మొలవదు. అయినా గూళ్లు విరగకాస్తాయి. తీరా చూస్తే షాంఘైలో యుద్ధం, బయట జపాన్ పట్టు పోటీ. దారం తీసే ఫ్యాక్టరీలు మూతబడ్డాయి. పడవలో వూషీ దాకా మోసుకెళ్లి అయినకాడికి అమ్ముకున్నారు. ఆకు కోసం తాకట్టు పెట్టిన మల్బరీ తోట పోయింది, పైన అప్పు మిగిలింది.

పని నీది, ఫలం నీది కాదని మన పెద్దలంటారు. ఇక్కడ ఫలం చేతికొచ్చింది, రానిది ధర. రెంటినీ ఒకే మాటతో సరిపెట్టొచ్చా? ఫ్యాక్టరీ గేటుకు పడ్డ తాళాన్నీ తలరాతలో కలిపేస్తే, తాళం వేసినవాడిని ఎవరూ అడగరు. అందుబాటులో ఉన్నది హొహువా ఒక్కతే.

ఒక ఏడు మాకూ గూళ్లు బాగా వచ్చాయి. హిందూపురం మార్కెట్లో రేటు పడిపోయింది. చైనా పట్టు దిగిందన్నారు. తర్వాతి పంటకూ అమ్మ వేపమండలు కట్టింది. అత్త వాటికి ఇవతలే నిలబడి, “ఈసారి రేటు ఎట్లుంటుందంటున్నారు?” అని నాన్నను అడిగింది.