ఎవరండీ ఆవిడ?

బ్రిగిట్టె హెల్మ్ నా అభిమాన నటి అని ఏళ్లుగా చెప్పుకుంటున్నాను. సికింద్రాబాద్ స్టేషన్ ఎదుట ఆల్ఫాలో చాయ్ తాగుతూ సినిమా కబుర్లలో పడితే, ఎక్కడో ఓచోట ఆ పేరు ఇరికించందే నాకు తోచదు. జర్మనీలో ఫ్రిట్జ్ లాంగ్ తీసిన మూకీ 'మెట్రోపోలిస్' (1927) ఆమె తొలి సినిమా. కార్మికులకు ఓర్పు చెప్పే మరియా ఆమే, మరియా రూపంలో వాళ్లను రెచ్చగొట్టే యంత్రమూ ఆమే. ఒక కన్ను సగం మూసి చూసిందంటే అది యంత్రమని మనకు తెలిసిపోతుంది. 1935 తర్వాత ఆమె మళ్లీ నటించలేదు. 1996లో పోయేదాకా ఆ రోజుల గురించి మాట్లాడటానికీ ఇష్టపడలేదు.

ఇదంతా చెప్పాక ఎదుటివాళ్లు "ఎవరండీ ఆవిడ?" అనాలి. "ఆ, చూశాం, బాగా చేసింది" అన్నారో, నా ఉత్సాహం నీరుగారిపోతుంది. మరి నాకు నచ్చింది ఆమె నటనా, ఆమె ఇక్కడెవరికీ తెలియకపోవడమా?

సురభి కమలాబాయి గుర్తొస్తే ఈ అనుమానం ఇంకా ముదురుతుంది. తొలి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద' (1932)లో లీలావతి. ఆ ఏడాదే 'పాదుకా పట్టాభిషేకం'లో సీత, 'శకుంతల'లో శకుంతల. 1951 నాటికి 'పాతాళభైరవి'లో తోటరాముడి తల్లి. తెర వదిలేసిన జర్మన్ నటి మనసులో ఏముందోనని గంటలకొద్దీ ఊహించే నేను, నాయిక వేషాలు పోయాక తల్లి వేషానికి మొహానికి రంగేసుకున్న ఈమె మనసులో ఏముందని ఎప్పుడూ అనుకోలేదు. మా అమ్మకు కూడా తెలిసిన మనిషాయె, చెబితే నాకొచ్చే గొప్పేముంది?

గొప్పల సంగతి అలా ఉంచితే, బద్ధకం ఒకటుంది. 1885లో కడప జిల్లా సురభిలో వనారస గోవిందరావు మొదలుపెట్టిన, కమలాబాయి పేరులో ఉన్న ఆ సురభి నాటకసమాజం వారసులు లింగంపల్లి సురభి కాలనీలోనే ఉంటారు. సికింద్రాబాద్‌లో ఎంఎంటీఎస్ ఎక్కితే చాలు. ఎక్కలేదు. దూరపు కొండలు నునుపంటారు. ఎక్కే పని ఉండదనే నాకవి నచ్చాయేమో.

ఇప్పుడీ నాలుగు ముక్కలు రాయడంలో మాత్రం ఆ పాత గొప్పల యావ లేదని చెప్పలేను. అందుకే ఇక నేను ఆపి, మిమ్మల్ని అడుగుతున్నాను. కమలాబాయిని ఎరిగినవాళ్లు మీ ఇళ్లలో ఎవరైనా ఉంటే రాయండి. తొలి కథానాయిక అన్న బిరుదు గురించి వద్దు. తల్లి వేషాల గురించి ఆమె ఏమనేదో చెప్పండి.